సాలూరి బాణీ, ఉద్దానం పాట
పలాసలో సాలూరి రాజేశ్వరరావు గారి స్మృతిలో చేసిన ఉపన్యాసం

జీడిపిక్కల పని ముగించుకుని నేరుగా ఇక్కడికి వచ్చి కూర్చున్న అక్కలకు, కాలేజీ పిల్లలకు మరీ మరీ నమస్కారం.

రాజేశ్వరరావు గారి స్మారక ఉపన్యాసం పలాసలో పెట్టడమేమిటి, సాలూరులోనో విజయనగరంలోనో పెట్టాల్సింది కదా అని కొందరు మిత్రులు అన్నారు. నిజమే. ఆయన పుట్టింది 1920ల మొదట్లో, సాలూరు దగ్గర శివరామపురంలో. పేరు తెచ్చుకుంది మద్రాసులో. 1999 అక్టోబరులో కన్నుమూసింది కూడా అక్కడే. మన ఊరితో ఆయనకున్న సంబంధం బహుశా రైలు పట్టాల వరకే. కుర్రవాడుగా కలకత్తా వెళ్లినప్పుడు మద్రాసు, హౌరా దారిలో పలాస స్టేషను దాటి వెళ్లి ఉంటారు. అయినా ఈ ఉపన్యాసం ఇక్కడే జరగాలని నేను పట్టుబట్టాను. ఉత్తరాంధ్ర తెలుగు సినిమాకు ఇచ్చిన స్వరకర్తల్లో అందరికంటే పెద్దాయన గురించి మాట్లాడుతూ, ఈ నేల తన పాటను తాను ఎంతవరకు దాచుకుంది అని అడగాలని నా కోరిక. ఆ ప్రశ్నకు జవాబు చెప్పుకోవలసిన తొందర మన పలాస చుట్టూ ఉన్న ఉద్దానానికి ఉన్నంతగా మరో చోటికి లేదు.

ముందు ఆయన సంగతి. తండ్రి సన్యాసిరాజు గారు మృదంగ విద్వాంసులు. ద్వారం వెంకటస్వామినాయుడు గారి ఫిడేలు కచేరీలకు పక్కవాద్యం వాయించినవారు. విజయనగరంలో 1919లో సంగీత కళాశాల పెట్టారు. దానికి తొలి అధ్యక్షులు ఆదిభట్ల నారాయణదాసు గారు. అక్కడ ఫిడేలు నేర్పినవారు ద్వారం వారు. బొబ్బిలి, సాలూరు, పార్వతీపురం చుట్టుపక్కల ఊళ్లన్నిటికీ ఆ గాలి తగిలింది. తెల్లవారితే మృదంగం మోగే ఇంట్లో పిల్లవాడికి అక్షరాల కంటే ముందు తాళం పట్టుబడటంలో ఆశ్చర్యం లేదు. తర్వాతి రోజుల్లో ఆయన బాణీలు ఎన్ని దేశాల వేషాలు వేసినా లయ ఎక్కడా తడబడదు. అది ఇంటి నుంచి తెచ్చుకున్న సొత్తు.

గొంతు బాగుందని చిన్నతనంలోనే గ్రామఫోను కంపెనీ వాళ్లు తీసుకెళ్లారు. 1935లో ‘శ్రీకృష్ణలీలలు’ సినిమాలో బాలకృష్ణుడుగా పాడి నటించాడు. కంసుడు వేమూరి గగ్గయ్య గారు. రంగస్థలం మీద సింహంలా గర్జించే ఆయన ఎదుట పదమూడేళ్లు నిండీ నిండని పిల్లవాడు నిలబడి పాడాడు. ఆ మరుసటి ఏడు పి.వి.దాస్ తీసిన ‘మాయాబజార్’లో అభిమన్యుడు. శశిరేఖగా శాంతకుమారి గారికి అదే తొలి సినిమా.

తర్వాత కలకత్తా. ఆయన జీవితంలో అసలు మలుపు ఇదే అని నా అభిప్రాయం. న్యూ థియేటర్స్ సినిమా సంస్థ వాళ్ల పాట దేశమంతా వింటున్న కాలం అది. అక్కడి సంగీత దర్శకులు ఆర్.సి.బోరల్, పంకజ్ మల్లిక్ పనిచేసే తీరును దగ్గర నుంచి చూశారు. గాయకుడు సైగల్ సాంగత్యంలో హిందుస్తానీ రాగాల రుచి తెలిసింది. రవీంద్ర సంగీతం విన్నారు. అక్కడ ఆయనకు దొరికిన పెద్ద పాఠం ఒకటుంది: పాటలో మాట నలిగిపోకూడదు. అప్పటి మన టాకీల్లో రంగస్థల పద్యం పెత్తనం. రాగాలాపన ఎంత పొడుగైతే గాయకుడు అంత గొప్ప. బెంగాలీ వాళ్లు గొంతు తగ్గించి, మైకు దగ్గర మాట్లాడుతున్నట్టుగా పాడుతున్నారు. ఈ కుర్రవాడు ఆ పద్ధతిని తెలుగుకు తెచ్చాడు.

మద్రాసు చేరాక 1940లో గూడవల్లి రామబ్రహ్మం గారి ‘ఇల్లాలు’కు సంగీతం చేశారు. రావు బాలసరస్వతీదేవి గారితో కలిసి పాడారు. వాళ్లిద్దరి గ్రామఫోను రికార్డులు ఆ రోజుల్లో ఇల్లిల్లూ తిరిగాయి. ఈనాడు మనం లలిత సంగీతం అంటున్నది తెలుగువాళ్ల చెవిన పడి స్థిరపడటంలో ఆ రికార్డులది పెద్ద వాటా. రేడియో వాళ్లు తర్వాత దాన్ని పెంచి పెద్దచేశారు.

ఆపైన జెమినీ స్టూడియో. ఆ స్టూడియో అధిపతి వాసన్ గారు 1948లో తమిళంలో ‘చంద్రలేఖ’ విడుదల చేశారు. అందులో ఢంకాల నాట్యం చూడనివాళ్లు ఎవరైనా ఉంటే తప్పక చూడండి. మనుషుల ఎత్తుకు మించిన ఢంకాలు వరసలుగా పేర్చి, వాటి మీద నర్తకీమణులు ఆడతారు. చివర ఆ ఢంకాల్లోంచి కత్తులు పట్టుకుని సైనికులు బయటికి దూకుతారు. అంత పెద్ద దృశ్యానికి సంగీతం కట్టడమంటే పల్లవి, చరణం రాసుకోవడం ఒక్కటే సరిపోదు. అడుగుకు అడుగు, దెబ్బకు దెబ్బ లెక్క కుదరాలి. పాశ్చాత్య వాద్యబృందాన్ని నడపాలి. ఎం.డి.పార్థసారథి తదితరులతో కలిసి ఆయన ఆ పని చేశారు. మన గొల్లలు తప్పెటగుళ్లు గుండెకు కట్టుకుని గెంతుతూ వాయించడం చూసినవాడికి, మృదంగం ఇంట్లో పెరిగినవాడికి, ఆ ఢంకాల లెక్క కొత్తగా అనిపించి ఉండదని నా ఊహ.

‘మల్లీశ్వరి’ దగ్గర కాస్త ఎక్కువసేపు ఆగుతాను. 1951 డిసెంబరులో విడుదలైంది. వాహినీ వారి చిత్రం, బి.ఎన్.రెడ్డి గారి దర్శకత్వం. దేవులపల్లి కృష్ణశాస్త్రి గారు సినిమాకు పాటలు రాయడం అదే మొదలు. వాద్య సమ్మేళనం అద్దేపల్లి రామారావు గారిది. పాటలన్నిటికీ బాణీలు కుదరడానికి నెలల తరబడి కూర్చున్నారు. ఒక కవి, ఒక దర్శకుడు, ఒక స్వరకర్త తొందర లేకుండా పనిచేస్తే ఏం జరుగుతుందో తెలియాలంటే ఈ సినిమా వింటే చాలు.

అందులో మేఘంతో మాట్లాడే పాట ఉంది. నాయకుడు నాగరాజు ఒకచోట, నాయిక మల్లి మరోచోట. ఒకరికొకరు కనబడరు. ఇద్దరూ ఒకే మబ్బుకు కబురు చెబుతారు. ఘంటసాల గారి గొంతు ఆగిన చోట భానుమతి గారి గొంతు అందుకుంటుంది. యుగళగీతమే గాని ఇద్దరూ కలిసి ఉన్న పాట కాదు. దాన్ని బాణీలో చూపించడం కష్టం. రాజేశ్వరరావు గారు వాద్యాలను వెనక్కి తోసి, గొంతులకు మధ్య ఖాళీ వదిలారు. ఆ ఖాళీలోనే దూరం వినబడుతుంది. అదే సినిమాలో ‘మనసున మల్లెల’ పాట కల్యాణి రాగంలో ఉంది. కచేరీలో కల్యాణి నిండుగా, దర్పంగా వినబడే రాగం. ఇక్కడ ఎదురుచూసే ఆడపిల్ల నోట పడి మెత్తబడింది. కృష్ణశాస్త్రి గారి మాట ఒక్కటీ రాగం కింద పడి చితికిపోలేదు. మీరు ఇంటికి వెళ్లి ఆ పాటలో మాటలు మాత్రం వినడానికి ప్రయత్నించండి. ప్రతి అక్షరం విడివిడిగా అందుతుంది. సంగీత కళాశాలలో చదివినవాళ్లకూ, ఎన్నడూ చదవనివాళ్లకూ ఒకేలా అందుతుంది. స్వరకర్తకు ఇంతకంటే పెద్ద పరీక్ష లేదని నేను నమ్ముతాను. ఆ సినిమాను తర్వాత చైనాలోనూ ప్రదర్శించారు.

తర్వాతి పదిహేనేళ్లు ఆయనవే. ‘విప్రనారాయణ’, ‘మిస్సమ్మ’, ‘చెంచులక్ష్మి’, ‘ఆరాధన’, ‘డాక్టర్ చక్రవర్తి’. పేర్లు చెబితేనే మీ పెదవుల మీద పాటలు కదులుతున్నాయి, నాకు కనబడుతోంది. ‘మిస్సమ్మ’లో ఎన్టీఆర్ గారికి ఏ.ఎం.రాజా చేత పాడించారు. తెరమీద ఆ నిండు విగ్రహం, వెనక ఆ సన్నని, సున్నితమైన గొంతు. కలకత్తాలో నేర్చుకున్న పాఠం ఇక్కడ పూర్తిగా పండింది.

‘మాయాబజార్’ సంగతి మాత్రం చెప్పి తీరాలి. 1936లో అభిమన్యుడి వేషం కట్టినవాడే, 1957 నాటి విజయా వారి ‘మాయాబజార్’కు మొదట సంగీత దర్శకుడు. నాలుగు పాటలకు బాణీలు కట్టి తప్పుకున్నారు. మిగతా పని ఘంటసాల గారు అద్భుతంగా పూర్తిచేశారు. తెరమీద పేరు ఘంటసాల గారిదే. ఇందులో ఎవరి తప్పూ వెతకనవసరం లేదు. కానీ వెన్నెల్లో పడవ మీద సాగే ఆ పాట ఎవరి బాణీ అని అడిగితే, సగం మంది తెలుగువాళ్లు ఇప్పటికీ తడుముకోకుండా మరో పేరు చెబుతారు. అంత పెద్దాయన విషయంలోనే పేరు ఇంత తేలిగ్గా జారిపోతే, ఏ తెరా లేని మన పల్లెల పాటగత్తెల మాటేమిటి?

అసలు ప్రశ్నకు వచ్చాను. ఆయన సంగీతంలో సొంత ప్రాంతం ఎంత ఉంది? శాస్త్రీయం ఉంది, బెంగాల్ ఉంది, పడమటి దేశాల నాట్యాల నడకలు ఉన్నాయి. మన పొలాల పాట, జముకు, తప్పెటగుళ్లు నేరుగా వినబడేది చాలా తక్కువ. రెండుసార్లు మాత్రం కథ ఆయన్ని సొంత గడ్డకు పిలిచింది. 1964లో ‘బొబ్బిలి యుద్ధం’, 1986లో ‘తాండ్ర పాపారాయుడు’. 1757 నాటి ఆ యుద్ధాన్ని మనవాళ్లు పుస్తకాల్లో చదివి తెలుసుకున్నది తక్కువ, కథలు పాడేవాళ్ల నోట విని ఏడ్చింది ఎక్కువ. ఆ రెండు సినిమాలకూ సంగీతం బొబ్బిలి పక్కన పుట్టినవాడికే దక్కడం న్యాయంగా జరిగింది. అప్పటికి ఆయన బాణీ ఎప్పుడో స్థిరపడిపోయింది. ఇది ఆయన మీద నింద కాదు. ఆయన పెరిగేనాటికి కర్ణాటక సంగీతానికి పుస్తకాలున్నాయి, కళాశాల ఉంది, గురువులున్నారు. మన ఊళ్ల పాటకు ఏముంది? స్వరకర్త చేతికి అందేలా దాన్ని ఎవరు రాసిపెట్టారు?

రాసిపెట్టిన చోట ఏమవుతుందో చెప్పడానికి మిమ్మల్ని కాస్త దూరం తీసుకెళ్తాను, ఆర్మేనియాకు. మన పార్వతీపురం కొండల్లా కొండలున్న చిన్న దేశం. కొమితాస్ అనే క్రైస్తవ సన్యాసి 1869లో, అప్పటి తురుష్క సామ్రాజ్యంలోని ఒక ఊళ్లో పుట్టాడు. తల్లిదండ్రులు లేని పిల్లవాణ్ణి గొంతు బాగుందని మఠానికి తీసుకెళ్లారు. తర్వాత బెర్లిన్ వెళ్లి సంగీతం చదివాడు. తిరిగొచ్చాక చేసిన పని ఊరూరా తిరగడం. పెళ్లి పాట, జోలపాట, దుక్కి పాట, ఏది వినబడితే అది కాగితం మీద పెట్టాడు. లోరి అనే ప్రాంతపు దుక్కి పాటను రాసేటప్పుడు బాణీ ఒక్కటి రాసి ఊరుకోలేదు. రైతు ఎడ్లను అదిలించే కేకలు ఎక్కడ పడుతున్నాయో కూడా గుర్తించి పెట్టాడు. మూడువేలకు పైగా పాటలు కూడబెట్టాడని చెబుతారు. 1915 ఏప్రిల్ 24న ఇస్తాంబుల్‌లో ఆర్మేనియా మేధావులను పట్టుకుపోయినప్పుడు ఆయన్నీ తీసుకుపోయారు. ప్రాణం దక్కింది, మనసు దక్కలేదు. పారిస్ దగ్గర మానసిక చికిత్సాలయంలో 1935లో పోయాడు. కాగితాల్లో చాలా భాగం చెల్లాచెదురైంది. వెయ్యికి పైగా పాటలు మిగిలాయి.

సరిగ్గా ఆ 1935లోనే ఆర్మేనియా తొలి టాకీ వచ్చింది. పేరు ‘పేపో’. దానికి సంగీతం అరాం ఖచతూరియన్. ఆయన టిఫ్లిస్‌లో 1903లో పుట్టాడు. పందొమ్మిదేళ్లు వచ్చేవరకు పద్ధతిగా సంగీతం నేర్చుకోలేదు. చిన్నప్పుడు విన్నదల్లా అమ్మ పాడే పాటలు, వీధుల్లో తిరిగే గాథాగాయకుల పాటలు. పేపో ఎవరనుకున్నారు? చేపలు పట్టుకునే బీదవాడు. వాళ్ల నాన్నకు రావలసిన బాకీని ఎగ్గొట్టిన షావుకారుతో తగువుకు దిగుతాడు. భావనపాడు నుంచి నువ్వలరేవు దాకా ఏ తెప్ప మీద కూర్చున్నవాడికైనా ఆ కథ విడమరిచి చెప్పనక్కర్లేదు. ఆ సినిమాలో పేపో పాడే పాట జనం నోళ్లలో పడి జానపదమే అన్నంతగా కలిసిపోయింది. తర్వాత ఖచతూరియన్ బాలేలు, సింఫనీలు రాశాడు. 1942 నాటి ‘గయానే’లోని కత్తుల నాట్యం ప్రపంచమంతా మోగింది. ఆయన ఎంత దూరం వెళ్లినా వెనక కొమితాస్ కాగితాల దన్ను ఉంది.

‘పేపో’ వచ్చిన ఆ 1935లోనే మన సాలూరు పిల్లవాడు గగ్గయ్య గారి ఎదుట కృష్ణుడై పాడుతున్నాడు. ఇద్దరూ సినిమా పాటకు మహానుభావులే. తేడా ప్రతిభలో లేదు. ఒకరికి నేల పాట రాసిపెట్టి ఉంది, ఒకరికి లేదు.

మనకు అలాంటివాళ్లే లేరని కాదు. ముఖలింగం దగ్గర పర్వతాలపేటలో పుట్టి పర్లాకిమిడిలో బతుకులో ఎక్కువ భాగం గడిపిన గిడుగు రామమూర్తి గారు సవరల భాష నేర్చుకుని, వాళ్ల పాటలూ కథలూ కూడబెట్టారు. 1938లో సవర, ఇంగ్లీషు నిఘంటువు వెలువరించారు. టెక్కలి మీదుగా పర్లాకిమిడి ఎంత దూరం! మందస, మెళియాపుట్టి కొండలు మన కళ్లెదుటే ఉన్నాయి. ఆయన తర్వాత ఆ పనిని అంత పట్టుదలతో కొనసాగించినవాళ్లు మన తీరంలో కరువయ్యారు. పలాస దగ్గర బొడ్డపాడులో గుడి పూజారిగా ఉన్న సుబ్బారావు పాణిగ్రాహి గారు జముకుల కథను తన కాలపు పోరాటానికి గొంతుగా మలుచుకున్నారు. 1969 డిసెంబరులో పోలీసు కాల్పుల్లో పోయారు. రాజకీయాల మీద ఎవరి అభిప్రాయం వాళ్లది. ఆ కళారూపానికి ఎంత శక్తి ఉందో ఆయన లోకానికి చూపించారనడంలో మాత్రం రెండో మాట లేదు.

జముకును చేత్తో పట్టుకుని చూడని పిల్లలు ఈ సభలో చాలామంది ఉన్నారు. ఒకవైపు తోలుతో మూసిన చిన్న పీపా లాంటిది. తోలు నడిమి నుంచి ఒక నరం బయటికి వస్తుంది. పీపాను చంకలో ఇరికించుకుని, నరం కొసను ఒక చేత్తో బిగించి లాగి, రెండో చేత్తో మీటుతారు. లాగితే శ్రుతి పైకి పోతుంది, సడలిస్తే జారుతుంది. ఏడుపు, వెక్కిరింత, కోపం, అన్నీ ఆ జారుడులోనే. కథకుడు ఒక మాట అనగానే జముకు ఆ మాటకు ‘ఔను’ అన్నట్టు పలుకుతుంది. బెంగాల్‌లో బావుల్ గాయకుల చేతిలో ఉండే ఖమక్ దీనికి తోబుట్టువే. కలకత్తాలో రాజేశ్వరరావు గారు దాన్ని విని ఉంటే, మన ఊరి జముకే కదా అనుకుని ఉంటారని తలుచుకుంటే నాకు ఒళ్లు పులకరిస్తుంది. ఆ జారుడును సరిగమల్లో రాయడం కష్టం. రికార్డు చేయాలి.

2020 మార్చిలో ‘పలాస 1978’ వచ్చింది. కరుణకుమార్ గారి దర్శకత్వం, రఘు కుంచె గారి సంగీతం. మన ఊరి పేరుతో, మన ఊరి యాసతో వచ్చిన సినిమాలో ఉత్తరాంధ్ర జానపదం ‘నక్కిలీసు గొలుసు’ మోగి, రెండు రాష్ట్రాలూ ఊగాయి. నేను చాలా సంతోషించాను. ఆ పాటను మొదట ఎవరు కట్టారు, ఏ ఊరి పెళ్లిలో, ఏ నాట్ల పొలంలో పుట్టింది అంటే చెప్పేవాళ్లు లేరు. ఇలాంటి పాటలు ఇంకా ఎన్నో మన గడపల్లో ఉన్నాయి. పిక్కల షెడ్డులో సొన తగిలి చేతులు కాలకుండా బూడిద పూసుకుని, పీట మీద కూర్చుని పిక్క కొట్టే అక్కలు, ఆ దెబ్బ లెక్కకే పాడుకునే పాటలున్నాయి. వల లాగేటప్పటి కేకలున్నాయి. కవిటి, సోంపేట, ఇచ్ఛాపురం వైపు తెలుగులో మొదలై ఒడియాలోకి వెళ్లి మళ్లీ తెలుగులోకి వచ్చే పెళ్లి పాటలున్నాయి.

తొందర అని మొదట్లో ఎందుకన్నానో ఇప్పుడు చెబుతాను. 2018 అక్టోబరులో తిత్లీ తుపాను ఒక్క రాత్రిలో కొబ్బరి, జీడి తోటలు పడగొట్టింది. తోటతో పాటు తోట పనీ పోయింది, పనితో పాటు పని పాటా పోయింది. చాలామంది కుర్రాళ్లు వలస వెళ్లారు. ఇంతకంటే పెద్ద దుఃఖం మీ అందరి ఇళ్లలోనూ ఉంది. కారణం ఇప్పటికీ పూర్తిగా తేలని కిడ్నీ జబ్బు ఏళ్ల తరబడి ఉద్దానం పెద్దలను తీసుకుపోతోంది. పలాసలో కిడ్నీ పరిశోధన కేంద్రం, ఆసుపత్రి వచ్చాయి, సంతోషం. కానీ డయాలసిస్ మంచం మీద పడుకున్న ముసలమ్మకు వచ్చిన పాటలు ఆమెతోనే వెళ్లిపోతున్నాయి. వాటిని దాచడానికి ఆసుపత్రి చాలదు. మనవలు కావాలి.

కాలేజీ పిల్లలకు నా మాట ఇది. మీ జేబులో ఉన్న ఫోను కొమితాస్ దగ్గర లేదు, గిడుగు వారి దగ్గర లేదు. ఈ సెలవుల్లో మీ ఇంట్లో, మీ వీధిలో పాట వచ్చిన పెద్దవాళ్ల దగ్గర కూర్చోండి. రికార్డు మొదలుపెట్టగానే ముందు పాడేవాళ్ల చేత వాళ్ల పేరు, ఊరు చెప్పించండి. ఆ పాట ఎవరి దగ్గర నేర్చుకున్నారో, ఏ పనిలో పాడేవారో అడగండి. మధ్యలో దగ్గొచ్చినా, పాట ఆపి కోడిని అదిలించినా రికార్డు ఆపకండి. మాట మరిచిపోతే మీరు అందించకండి, వాళ్లకే గుర్తురానివ్వండి. ఒకే పాటను ఇద్దరు వేరువేరుగా పాడితే రెండూ ఉంచండి, ఏది సరైనది అని తీర్పు చెప్పకండి. జముకు వాయించేవాళ్లు దొరికితే ఫోనును కథకుడి నోటి దగ్గర కాకుండా, జముకుకూ నోటికీ మధ్య పెట్టండి. ఇంటికొచ్చాక మాటలన్నీ నోటుబుక్కులో మీ యాసలోనే రాయండి, పుస్తకం భాషలోకి మార్చకండి. మళ్లీ ఏడాది ఈ సభలో ఉపన్యాసం వద్దు. మీరు తెచ్చిన పాటలు విందాం, పాడినవాళ్లను పేరు పేరునా వేదిక మీదకు పిలుద్దాం. వజ్రపుకొత్తూరు వైపు వెళ్లేవాళ్లు ఎవరో, మందస వైపు ఎవరో ఈ రాత్రి వెళ్లేలోపే నాతో చెప్పండి. చీటీ రాసుకుంటాను.